ఓం పురి చేతులు

దూరదర్శన్ తప్ప ఇంకో చానల్ లేని కాలంలో టీవీ చూసినవాళ్లకి ఓం పురి అనగానే ముందు గొంతు వినిపిస్తుంది. నెహ్రూ 'డిస్కవరీ ఆఫ్ ఇండియా' పుస్తకం ఆధారంగా 1988లో మొదలైన సీరియల్ 'భారత్ ఏక్ ఖోజ్' 53 భాగాలూ ఆ గొంతు మీదే నడిచాయి. హిందీ అంతంతమాత్రంగా వచ్చే మన ఇళ్లలో కూడా ఆ వ్యాఖ్యానం వస్తుంటే ఎవరూ మధ్యలో లేచి వెళ్లేవాళ్లు కాదు. నెహ్రూ వేషంలో రోషన్ సేఠ్ తెర మీదకొచ్చి నాలుగు మాటలు చెప్పి ఆపితే, అక్కడి నుంచి కథను ఓం పురి అందుకునేవారు. మళ్లీ అదే మనిషి ఒక భాగంలో అశోకుడు, ఇంకో భాగంలో ఔరంగజేబు.

గొంతు సంగతి అందరూ చెప్పుకునేదే. ఇప్పుడు చెప్పాలనిపిస్తున్నది ఆయన చేతుల గురించి. ఆయన వేసిన గొప్ప పాత్రలు వరసగా తలుచుకుంటే చాలావరకు ఒళ్లు వంచి బతికేవాళ్లే. గడ్డి కోసేవాడు, తోలు పనివాడు, నేతగాడు, రిక్షా లాగేవాడు, మిరపకాయల కార్ఖానా గేటు కాపలా ముసలాయన. ఆ పని ముందు చేతుల్లోకి వచ్చాక గానీ ఆయన మాట దగ్గరకి వెళ్లేవారు కాదు అనిపిస్తుంది చూస్తుంటే. మన దేశంలో కారెక్టర్ ఆర్టిస్టు అంటే ఏమిటని ఎవరైనా అడిగితే మొదట చూపించాల్సింది ఈయన్నే.

పుట్టింది 1950లో, అంబాలాలో. బళ్లో వేసిన తేదీ మార్చి 9. పుట్టినప్పుడు రాసిపెట్టిన కాగితమేదీ లేక, దసరా రోజుల్లో పుట్టావని తల్లి చెప్పిన గుర్తు పట్టుకుని, పెద్దయ్యాక తనే అక్టోబర్ 18 అని ఖాయం చేసుకున్నారు. తండ్రిది రైల్వేలో ఉద్యోగం. ఆయన మీద దొంగతనం నేరం మోపి జైల్లో పెట్టడంతో కుటుంబం రోడ్డున పడింది. బడికి వెళ్లే వయసులో ఓం టీకొట్లో గ్లాసులు కడిగారు. తర్వాత పటియాలాలో కాలేజీ ల్యాబులో చిన్న ఉద్యోగం, సాయంత్రాలు హర్పాల్ తివానా బృందంలో నాటకాలు. అక్కడి నుంచి ఢిల్లీలో నేషనల్ స్కూల్ ఆఫ్ డ్రామా, ఇబ్రహీం అల్కాజీ దగ్గర శిక్షణ. 1973లో బయటికొచ్చిన ఆ బ్యాచ్‌లో నసీరుద్దీన్ షా కూడా ఉన్నారు. పంజాబీ మీడియంలో చదివిన కుర్రాడికి ఆ స్కూల్లో ఇంగ్లీషు పెద్ద గోడ. ఆ గోడ దాటడానికి ఆయనకి దొరికిన దారి శరీరం. జపాన్ కబుకి పద్ధతిలో ఆడిన 'ఇబరాగి' నాటకంలో ఆయన్ని చూసినవాళ్లు చాలా ఏళ్లు దాని గురించి చెప్పుకున్నారు. కబుకిలో ఒక అడుగు, ఒక మెడ తిప్పుడు కూడా లెక్క ప్రకారమే ఉండాలి. తర్వాత పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్, 1976లో మరాఠీ 'ఘాశీరాం కొత్వాల్'తో తెర.

మశూచి మచ్చలున్న మొహం. హిందీ సినిమా హీరో కొలతలకి ఎక్కడా సరిపోదు. అప్పటి స్టూడియోల పద్ధతిలో పాన్‌కేక్ మేకప్ మందంగా పట్టిస్తే, అది గుంటల్లో చేరి, లైట్ల వేడికి చెమట పట్టగానే అట్టలు కడుతుంది. క్లోజప్‌లో మచ్చ కంటే ఆ అట్టే ముందు కనబడుతుంది. పోనీ ఎదురుగా చదునుగా లైటు కొట్టి మచ్చలు మాయం చేద్దామంటే కళ్లలో లోతు కూడా దాంతోపాటే పోతుంది. గోవింద్ నిహలానీ దర్శకుడు కాకముందు కెమెరామన్, శ్యామ్ బెనెగల్ సినిమాలు తీసినవాడు. ఆయనకి ఈ లెక్కలన్నీ తెలుసు. 1980లో 'ఆక్రోశ్' తీసినప్పుడు ఆ మొహాన్ని దాచాలని చూడలేదు. కథ మొత్తాన్నీ దాని మీదే నిలబెట్టారు.

'ఆక్రోశ్'లో లహన్యా భీకూకి దాదాపు మాటల్లేవు. భార్యను చంపాడన్న నేరం మీద జైల్లో ఉన్న గిరిజనుడు. లాయరు నసీరుద్దీన్ ఎన్నిసార్లు అడిగినా నోరు విప్పడు. మాటల్లేని పాత్ర ఇస్తే చాలామంది నటులు ఆ ఖాళీని కనుబొమలతో, పెదవి వణుకుతో, నిట్టూర్పులతో నింపేస్తారు. మౌనం అక్కడే చెడిపోతుంది, ఎందుకంటే నోరు మూసుకున్నవాడి మొహం అంత వాగకూడదు. ఓం పురి దానికి ఎదురు దారిలో వెళ్లారు. చూపు నేల మీద, భుజాలు లోపలికి, చేతులు కదలవు. ప్రశ్న పడినప్పుడు ఊపిరి ఒక్కటే మారుతుంది. అంతసేపు కట్టేసి ఉంచిన ఆ చేతులు చివర్లో, తండ్రి చితి దగ్గర, గొడ్డలి అందుకుంటాయి. ఆ ఒక్క కదలికకీ, వెంటనే వచ్చే ఆ కేకకీ సినిమా అంతా కూడబెట్టిన బలం ఉంది. ఆ పాత్రకి ఫిల్మ్‌ఫేర్ సహాయ నటుడి అవార్డు ఇచ్చారు.

గొడ్డలి మాట వచ్చింది కాబట్టి 'సద్గతి'. 1981లో సత్యజిత్ రాయ్ దూరదర్శన్ కోసం ప్రేమ్‌చంద్ కథను తీశారు. గంట కూడా ఉండదు. కూతురి పెళ్లికి ముహూర్తం అడగడానికి పండితుడి ఇంటికెళ్లిన దుఖీ చేత ఆయన వెట్టిచాకిరీ చేయిస్తాడు. అందులో ఒకటి పెద్ద దుంగ చీల్చడం. ఇక్కడ గమనించాల్సిన మెలిక ఒకటుంది. దుఖీకి గడ్డి కోయడం అలవాటు, కట్టె కొట్టడం రాదు. పైగా జ్వరం నుంచి లేచిన ఒళ్లు, ఖాళీ కడుపు. అంటే నటుడు ఆ పని చేతకాని మనిషి చేసినట్టు చేయాలి. కట్టె కొట్టడం వచ్చినవాడు ముందు దుంగ చుట్టూ తిరిగి చూస్తాడు, నార ఎటు పోతోందో, ముడి ఎక్కడుందో, ఎక్కడ నెర్రె ఇచ్చిందో. నార వెంట దెబ్బ వేస్తాడు. గొడ్డలి బరువునే కిందికి పడనిస్తాడు, చేతులు దారి చూపిస్తాయంతే. రానివాడు అంతా భుజం బలంతో కొడతాడు, ముడి మీదే కొడతాడు. గొడ్డలి ఎగిరి తిరిగి వస్తుంది, లేదా ఇరుక్కుపోతుంది. ఇరుక్కున్నదాన్ని ఊడదీయడానికి కొట్టిన దానికంటే ఎక్కువ సత్తువ ఖర్చవుతుంది. మనిషి అలిసిపోయేది అక్కడ. ఓం పురి చేసిన ఆ దృశ్యంలో ఈ ఓటమి అంతా దెబ్బ దెబ్బకీ కనిపిస్తుంది. చివర్లో పిచ్చి ఆవేశంతో వేసే దెబ్బలకి ముందు ఆ తడబాటు చూపించకపోయి ఉంటే చావు ఉత్త కథలాగా తేలిపోయేది.

'తమస్' కూడా ఇలాంటి పనితోనే మొదలవుతుంది. భీష్మ సాహ్నీ నవల, నిహలానీ దర్శకత్వం, 1988లో దూరదర్శన్‌లో వచ్చింది, అన్నీ కలిపి అయిదు గంటల దాకా ఉంటుంది. ప్రసారం ఆపాలని కోర్టుకి వెళ్లారు, బాంబే హైకోర్టు జడ్జీలు కూర్చుని చూసి వేయవచ్చన్నారు, సుప్రీంకోర్టూ అదే మాటంది. తోలు పనివాడు నత్థూకి అయిదు రూపాయలిచ్చి ఒక పందిని చంపమంటాడు ఊళ్లో పలుకుబడి ఉన్న మనిషి ఒకడు. తోలు తీయడం వేరు, బతికున్న పందిని చంపడం వేరు, ఆ పని తనకి రాదని నత్థూ చెబుతూనే ఉంటాడు. చీకటి కొట్టంలో దీపం, మొండి జంతువు, చేతిలో కత్తి, మధ్యమధ్య బీడీ. మాట దాదాపు లేదు. కత్తి ఎక్కడ దింపాలో తెలియని చెయ్యి ప్రతిసారీ ఒక క్షణం ఆలస్యంగా పడుతుంది, ఆలోపు పంది కదిలిపోతుంది. తెల్లారాక ఆ పంది మసీదు మెట్ల మీద కనబడి, ఊరు తగలబడటానికి కారణమైన పని తన చేతుల మీదుగానే జరిగిందని తెలిసిన మనిషి భారాన్ని ఆయన మిగతా కథంతా మోసుకు తిరుగుతారు. చిన్న టీవీ తెర మీద ఇది ఇంకా గట్టిగా తగిలింది. దూరపు షాట్లు ఆ తెర మీద చీమల్లా కనిపించేవి, అందుకే టీవీ కోసం తీసేవాళ్లు దగ్గరి షాట్ల మీదే ఆధారపడేవారు. దగ్గరి షాట్‌లో పని దొంగతనం దొరికిపోతుంది. సీరియల్ అంటే తక్కువ రకం పని అనుకునే నటులున్న కాలంలో ఓం పురి టీవీకి సినిమాకి పెట్టినంతా పెట్టారు.

మనవాళ్లు తప్పకుండా చూడాల్సింది మాత్రం 'సుస్మన్'. 1987, బెనెగల్ సినిమా. హైదరాబాద్‌లో పెరిగిన బెనెగల్ పోచంపల్లి నేతగాళ్ల కథ తీశారు. రాములుగా ఓం పురి, గౌరమ్మగా షబానా ఆజ్మీ. ఈ పాత్ర కోసం ఆయన మగ్గం నేర్చుకున్నారు. దుఖీ, నత్థూలకి ఇది పూర్తిగా తిరగేసిన సవాలు. అక్కడ రానట్టు చేయాలి, ఇక్కడ పుట్టినప్పటి నుంచీ వచ్చినట్టు చేయాలి.

పోచంపల్లి పని మగ్గం దగ్గర మొదలవదు. ముందు ఆసు పోయాలి. ఒక మేకు నుంచి అర్ధచంద్రాకారంగా బిగించిన మేకుల వరుసకి పేక నూలుని, అంటే బట్టలో అడ్డంగా పడే పోగుని, చేత్తో అటూ ఇటూ తిప్పుతూ ఒక్కో పోగూ పేర్చడం. ఒక్క చీరకి సుమారు 9000 సార్లు చెయ్యి వెళ్లి రావాలి. ఇంట్లో ఆడవాళ్ల భుజాలు పడిపోయేది ఇక్కడే. చింతకింది మల్లేశం ఆసు యంత్రం తయారుచేసింది 1999లో, అంటే ఈ సినిమా నాటికి ఆ పనంతా చేతి మీదే. పేర్చిన పోగుల మీద నమూనా గుర్తులు పెట్టి, రంగు తాగకూడని చోటల్లా రబ్బరు పేలికలతో బిగించి చిటికీ కడతారు. రంగులో ముంచి, పిండి, ఆరబెట్టి, కొన్ని కట్లు విప్పి, కొత్తవి కట్టి మళ్లీ ముంచుతారు. కట్టు వదులైతే రంగు లోపలికి పాకుతుంది, అది మళ్లీ సరిదిద్దేది కాదు. అలా రంగు పడ్డ నూలుని వరస తప్పకుండా కండెలకి చుట్టాకే మగ్గం.

గుంత మగ్గం మీద కూర్చున్నవాడికి మూడు పనులు మూడు చోట్ల. కింద కాళ్లు తొక్కుతాయి, పడుగు, అంటే నిలువు పోగులు, విడుతుంది. కుడిచెయ్యి తాడు లాగుతుంది, పేక నూలు మోసే నాడె అటు నుంచి ఇటు దూసుకుపోతుంది. ఎడమచెయ్యి పలకను లాగి పేకను కొడుతుంది. మామూలు బట్టయితే ఇంతే. చిటికీ బట్టలో ఇంకొక పనుంది. పేక పడ్డ ప్రతిసారీ దాని మీది రంగు కిందటి పేక రంగుతో కలిసిందా లేదా చూసి, లేకపోతే అంచు దగ్గర పోగును వేలితో కాస్త లాగి సరిచేయాలి. ఒకటి రెండు పోగుల తేడా అయితే అది ఈ బట్టకి సహజమైన మసక. అంతకు మించితే పువ్వు అంచు చెదిరిపోతుంది.

నటులు మగ్గం దగ్గర దొరికిపోయేది చూపుతో. కొత్తగా నేర్చుకున్నవాడి కళ్లు నాడె వెంట పరుగెత్తుతాయి. నేసేవాడి కళ్లు బట్ట అంచు మీద ఉంటాయి, నాడె ఎక్కడుందో చేతికి తెలుసు. రెండోది, మాట. డైలాగు మొదలవగానే నేర్చుకున్నవాడి కాళ్లు ఆగిపోతాయి, మాట అయ్యాక మళ్లీ కదులుతాయి. ఇంకా దారుణం, మొహం హీరోది, చేతులు వేరే ఎవరివో పెట్టి కత్తిరించి అతికించడం. వేళ్ల చర్మం, గోళ్లలో రంగు, లాగే వేగం ఏదీ కలవదు. 'సుస్మన్'లో రాములు మగ్గం మీద కూర్చున్న తీరులో మనిషికీ పనికీ మధ్య అతుకు కనిపించదు. నడుము ముందుకు వంగి ఉంటుంది, మెడ కొద్దిగా పక్కకి. గుంతలోంచి లేచి నడిచేటప్పుడు కూడా ఆ వంపు కాస్త ఒంట్లో ఉండిపోతుంది. ఢిల్లీ నుంచి వచ్చిన మందిర విదేశీ ప్రదర్శన కోసం పట్టు ఇచ్చి నేయిస్తుంది. కూతురి పెళ్లి చీర కోసం గౌరమ్మ అందులోంచి కొంత తీస్తుంది, అది బయటపడుతుంది. ఇన్ని చీరలు నేసిన ఇంట్లో కూతురికి ఒక పట్టుచీర లేదు. నిజాయితీ మీద దెబ్బ పడ్డ రాములు పెద్దగా మాట్లాడడు. పని చేతిలో ఉన్నప్పుడు ఎంత తేలికగా ఉన్నాడో, పని ఆగినప్పుడు ఆ చేతుల్ని ఏం చేసుకోవాలో తెలియక అంత ఇబ్బంది పడతాడు. మన నేతగాళ్ల మీద ఇంత శ్రద్ధగా ఒక హిందీ నటుడు పనిచేశాడన్న సంగతి ఇక్కడ చాలామందికి తెలియకపోవడం బాధ కలిగిస్తుంది.

'సిటీ ఆఫ్ జాయ్' (1992) కోసం అలాగే కలకత్తాలో చేతి రిక్షా లాగడం నేర్చుకున్నారు. రెండు చక్రాల బండి అది, బ్యాలెన్స్ అంతా లాగేవాడి ఒంట్లోనే ఉండాలి. ఎక్కినవాళ్లు వెనక్కి వాలితే కాడి పైకి లేస్తుంది, కాళ్లు నేలని వదిలేస్తాయి. ముందుకు వంగితే బరువంతా మణికట్ల మీదికొస్తుంది. ఠక్కున ఆగడం కుదరదు, ఆగాల్సిన చోటుకి ముందే ఒళ్లు వెనక్కి వేసుకుంటూ రావాలి. వేలికి తగిలించుకున్న గంటను కాడికి కొట్టడమే హారన్. హజారీ పాల్ ఊరు నుంచి వచ్చి రిక్షా పట్టినవాడు కాబట్టి, మొదట్లో రానితనం, తర్వాత వచ్చినతనం రెండూ ఒకే సినిమాలో చూపించాల్సి వచ్చింది.

ఇవన్నీ చెబుతూ 'అర్ధ సత్య'ను దాటేయలేం. 1982లో 'ఆరోహణ్'కి జాతీయ ఉత్తమ నటుడు, మరుసటి ఏడాది సినిమా 'అర్ధ సత్య'కి మళ్లీ. సబ్ ఇన్‌స్పెక్టర్ అనంత్ వేలంకర్. హోటల్లో స్మితా పాటిల్ ఇచ్చిన పుస్తకంలోంచి దిలీప్ చిత్రే కవిత తేలికగా, సరదాగా చదవడం మొదలుపెట్టి, నాలుగు పంక్తులు గడిచేసరికి అది తన గురించేనని తెలిసిపోయి గొంతు మారిపోయే ఆ ఘట్టం, ఎన్నిసార్లు చూసినా, ఎక్కడ మారిందో వేలు పెట్టి చూపించడం కష్టం. అదే 1983లో 'జానే భీ దో యారో'లో తాగుబోతు అహూజా. శవపేటికను కారనుకుని, అందులోని శవంతో ముచ్చట్లు పెడతాడు. అదే ఏడాది 'మండీ'లో ఫొటోగ్రాఫరు. ఇక 'గాంధీ'లో ఒకే ఒక్క సన్నివేశం. నిరాహార దీక్షలో ఉన్న గాంధీ మీదికి రొట్టె విసిరి తినమనే నహారీ. సినిమా మూడు గంటల పైనే. జనానికి గుర్తున్న పది దృశ్యాల్లో అదొకటి. ఒక్క సీను వేషానికి ముందూ వెనకా కథ ఉండదు. మనిషి గుమ్మంలోకి వచ్చేసరికే అతని రాత్రంతా ఒంటి మీద ఉండాలి.

టీవీలో 'కక్కాజీ కహిన్' ఆయన హాస్యం మనకి చూపించింది. పాన్ నములుతూ పనులు చక్కబెట్టే రాజకీయ నాయకుడు. బుగ్గన పాన్ పెట్టుకుని మాట్లాడితే పెదవి అక్షరాలు మెత్తబడతాయి. నిజంగా నములుతూ మాట స్పష్టంగా వినిపించాలంటే నాలుక పనంతా ముందు పళ్ల దగ్గరికి తెచ్చుకోవాలి. గొంతు మీద అంత పట్టున్నవాడు కాబట్టి కుదిరింది.

తెలుగులో 'అంకురం' ఉంది. సి. ఉమామహేశ్వరరావు సినిమా, జాతీయ స్థాయిలో ఉత్తమ తెలుగు చిత్రం. రైల్లో పసిబిడ్డను రేవతి చేతిలో పెట్టి తిరిగి రాని సత్యం ఓం పురి. 'ఎవరో ఒకరు ఎపుడో అపుడు' పాట తెలిసిన వాళ్లందరికీ ఆ మొహం తెలుసు. భాష రాని నటుడు ప్రాంప్టింగ్ మీద ఆధారపడితే మాట అర సెకను వెనకబడుతుంది, ఆ అర సెకను కళ్లు ఖాళీ అవుతాయి. డబ్బింగ్‌లో గొంతు మార్చవచ్చు, ప, బ, మ దగ్గర పెదాలు కలిసేలా మాట సర్దవచ్చు, ఖాళీ అయిన కళ్లని మాత్రం ఎవరూ నింపలేరు. 'అంకురం'లో ఆయన కళ్లు ఎక్కడా ఖాళీ అవ్వవు. రాంగోపాల్ వర్మ 'రాత్రి'లో మాంత్రికుడిగానూ కనిపించారు.

తొంభైల్లో దారి మారింది. తక్కువ ఖర్చుతో తీసే ఆ రకం సినిమాలకి డబ్బు దొరకడం తగ్గింది, శాటిలైట్ చానళ్లొచ్చాక దూరదర్శన్ వాటికి ఇచ్చిన చోటూ తగ్గింది. ఆయన 'ఘాయల్', 'నరసింహ', 'గుప్త్' లాంటి పెద్ద సినిమాల్లో పోలీసు అధికారి, విలన్, మంత్రి వేషాలు వేశారు. కారెక్టర్ ఆర్టిస్టు కాల్షీట్లు హీరో డేట్ల చుట్టూ తిరుగుతాయి. ఒకేసారి నాలుగైదు సినిమాలు నడుస్తుంటే ఒకదానికి పెంచిన గడ్డం ఇంకోదానికి పనికిరాదు, అందుకే అన్నిట్లోనూ ఒకే మొహం, ఒకే మీసం. చేతికి పని దొరకని పాత్రలవి. యూనిఫాం వేసుకుని నిలబడి ఆర్డర్లు ఇవ్వడమే. వాటిలో కొన్ని ఆయన స్థాయికి తగినవి కావని ఒప్పుకోవాలి. ఇల్లు గడవాలి కదా అన్నది కూడా అంతే నిజం. 'చాచీ 420'లో బన్వారీ, 'మక్బూల్'లో నసీర్‌తో కలిసి జాతకాలు చెప్పే పోలీసు, ఇవి మాత్రం ఆ రోజుల్లోనూ ఆయన వదిలివెళ్లిన ఆస్తి.

అసలైన పని ఆ సమయంలో ఇంగ్లండులో దొరికింది. 'ఈస్ట్ ఈజ్ ఈస్ట్' (1999), 1971 నాటి సాల్ఫర్డ్, చిప్స్ కొట్టు నడిపే జార్జ్ ఖాన్. ఇంట్లో ఎప్పుడు టీ ఇస్తామన్నా సగం కప్పే చాలంటాడు. భార్యను కొట్టేవాడిని, పిల్లల మీద పెత్తనం చేసేవాడిని వేస్తూ, ఆ సగం కప్పు దగ్గర మాత్రం మనిషిని చేసి చూపించారు. దానికి బాఫ్టా ఉత్తమ నటుడి నామినేషన్ వచ్చింది. ఒకప్పుడు ఇంగ్లీషు రాదని కుంగిపోయిన మనిషికి ఆ భాషలోనే.

2017 జనవరి 6న ముంబైలో పోయారు. ఆరు వారాలకి, ఫిబ్రవరి 17న, విశాఖ సముద్రంలో మునిగిన పాకిస్తాన్ సబ్‌మెరీన్ కథ 'ఘాజీ' తెలుగు, హిందీ భాషల్లో విడుదలైంది. అందులో నౌకాదళ అధికారి నందాగా ఉన్నారు. చిన్న పాత్ర.

ఈ తరం వాళ్లు మొదలుపెట్టాలంటే 'సద్గతి'తో మొదలుపెట్టడం మంచిది, ఒక్క కూర్చుడులో అయిపోతుంది. వెంటనే 'ఆక్రోశ్' చూస్తే రెండు గొడ్డళ్ల తేడా తెలుస్తుంది. 'తమస్' రోజుకి కొంత చొప్పున చూడండి, ఒక్కసారి చూసేది కాదది. 'సుస్మన్' మాత్రం నేత తెలిసిన పెద్దవాళ్లు ఇంట్లో ఉంటే వాళ్ల పక్కన కూర్చుని చూడాలి. రాములు ఎక్కడ సరిగ్గా నేశాడో వాళ్లే చెబుతారు.